వెనక బెంచీకి వినపడాలి

మైకాయనకి అమ్మానాన్నలు పెట్టిన పేరు ఒకటి ఉండే ఉంటుంది గానీ, ఓటర్ల జాబితాలో తప్ప అది ఎక్కడా కనపడదు. టౌన్ హాల్లో ముప్పై ఏళ్ళుగా మైకులు చూసుకుంటున్నాడు కాబట్టి ఊరందరికీ ఆయన మైకాయన. ఇంట్లో భోజనం దగ్గర గొంతు సవరించుకున్నా సరే, భార్య "టెస్టింగ్ చాలు, ఏం కావాలో చెప్పండి" అంటుంది.

ఆ ఊళ్ళో ఎన్నికలొస్తే, పోలింగుకి ముందు రెండు ఆదివారాలు, మున్సిపాలిటీ అధ్యక్ష పదవికి నిలబడ్డవాళ్ళు హాల్లోకి వచ్చి జనం ముందు వాదించుకోవాలి. చట్టమేమీ లేదు, అలవాటు. రానివాడికి ఓట్లు రాలవు కాబట్టి చట్టం కన్నా గట్టి అలవాటు. వాదనకి ముందు మైకాయన తనంతట తాను పెట్టుకున్న తంతు ఒకటుంది. మిక్సర్ పెట్టె మీద ఇద్దరి మైకుల శబ్దం పెంచే నాబ్‌లూ అయిదో నంబరు దగ్గర పెడతాడు. ఇద్దరినీ పిలిచి చూపిస్తాడు. నాబ్‌లు కదలకుండా తెల్ల టేపు అంటించి, దాని మీద ఇద్దరి చేతా సంతకాలు చేయిస్తాడు. వాదన ముగిసేదాకా ఆ టేపుని ఆయన కూడా ముట్టుకోడు. ఆ ఊళ్ళో మనిషన్నవాణ్ణల్లా ఏదో ఒక పార్టీకి అంటగట్టారు గానీ, మైకాయన్ని అంటగట్టడం మాత్రం ఎవరి వల్లా కాలేదు. ఆయనకున్న ఆస్తి అదే. అది చూసుకుని కాస్త గర్వం కూడా ఉండేది. ఉండనివ్వండి, ఎవరి సొమ్మూ కాదుగా.

ఈసారి పోటీ లారీల యజమానికీ, ఆసుపత్రిలో పనిచేసి రిటైరైన నర్సమ్మకీ మధ్య. లారీలాయనకి మైకు దండగ. రోడ్డు అవతలున్న డ్రైవర్లని ఇవతల నుంచి తిట్టి తిట్టి తయారైన గొంతు ఆయనది. నర్సమ్మది నిద్రపోతున్న రోగుల పక్కన ముప్పై అయిదేళ్ళు మాట్లాడిన గొంతు. ఊళ్ళో తగువంతా మార్కెట్టు గురించే. దాన్ని అక్కణ్ణించి తీసేసి, ఆ స్థలంలో ఆసుపత్రిని పెంచాలని నర్సమ్మ పట్టు. మరి దుకాణాలవాళ్ళు ఎక్కడికి పోవాలన్నది లారీలాయన ప్రశ్న.

మొదటి ఆదివారం మధ్యాహ్నం హాలు కిటకిటలాడింది. ముందు వరసలు ఎప్పట్లాగే ఇద్దరి సొంత మనుషులవి. మైకాయన తన మూల బల్ల దగ్గర హెడ్‌ఫోన్లు తగిలించుకుని నిమ్మకు నీరెత్తినట్టు కూర్చున్నాడు. లారీలాయన అడగవలసిందే అడిగాడు. నర్సమ్మ తడుముకోకుండా జవాబు చెప్పింది. అంతా సవ్యంగా జరిగిందనుకుని మైకాయన వైర్లు చుట్టి బయల్దేరాడు.

ఆయన భార్యకి ఆ మార్కెట్టులోనే కుట్టు దుకాణం ఉంది. దాన్ని మూసి వచ్చేసరికి ఆవిడకి ఎప్పుడూ తలుపు దగ్గర వెనక బెంచీయే మిగులుతుంది. ఇంటికి నడుస్తూ అంది:

"పాపం, ఆ నర్సమ్మ దగ్గర జవాబే లేదండీ."

"లేకపోవడమేంటి? అంత వివరంగా చెప్తేనూ."

"పెదాలు కదిపింది. మాకు ఫ్యాన్ల చప్పుడు తప్ప ఏమీ వినపడలేదు. నా పక్కన కూర్చున్న చెప్పుల దుకాణం వదిన, 'నీళ్ళు నములుతోంది, ఈవిడేం ఏలుతుంది' అని మధ్యలోనే లేచిపోయింది."

మైకాయన నడక ఆగింది. "ఇద్దరికీ అయిదే పెట్టాను."

"నేను కాదన్నానా? బక్కపల్చటి మనిషికీ బొజ్జాయనకీ ఒకే కొలతతో చొక్కాలు కుట్టి, నాకు పక్షపాతం లేదంటే నా మొహాన కొడతారు. కొలత మనిషిని బట్టి తియ్యాలి."

"సరే, ఆవిడేం చెప్పిందో నేను చెప్తాను విను. పాత బస్సు డిపోలో..."

"వద్దు" అంది ఆవిడ. "మీరు చెప్తే అది మీ మాట. ఊడేది నా దుకాణం. జవాబు ఆవిడ నోటితోనే వినాలి."

సోమవారానికల్లా ఊరు తీర్పు చెప్పేసింది, నర్సమ్మ నీళ్ళు నమిలిందని. ముందు వరసలవాళ్ళు "చెప్పింది, చెప్పింది" అని మొత్తుకున్నారు గానీ, సొంత మనుషుల సాక్ష్యం ఎవరికి కావాలి? మైకాయనకి తల కొట్టేసినట్టయింది. అంతకన్నా నొప్పి పెట్టింది ఇంకోటి. పన్నెండేళ్ళ కిందట ఒక లెక్కల మాస్టారు పోటీ చేశాడు. ఆయనదీ పీలగొంతే. 'చెప్పడానికేమీ లేని మనిషి' అని ఊరంతా తేల్చేసింది. హెడ్‌ఫోన్లలో ఆయన మాటలన్నీ శుభ్రంగా విన్న మైకాయన, జనం ఎందుకిలా అంటున్నారో అనుకుని ఊరుకున్నాడు. మాస్టారు మళ్ళీ ఎన్నికల ఊసెత్తలేదు. పోయి కూడా నాలుగేళ్ళయింది, క్షమించమని అడుగుదామన్నా మనిషి లేడు.

గురువారం హాలు కార్యదర్శి దగ్గరికెళ్ళి సంగతి చెప్పాడు.

"ఒకరికి అయిదూ ఒకరికి ఎనిమిదీనా?" అన్నాడు కార్యదర్శి. "లారీలాయన మనుషులు హాలు పీకి పందిరేస్తారు. ఇన్నేళ్ళూ నిన్ను ఎవరూ వేలెత్తి చూపలేదు. ఇప్పుడెందుకయ్యా కొరివితో తల గోక్కోవడం? గొడవైతే మాత్రం తాళాలు నా బల్ల మీద పెట్టేసి ఇంటికెళ్ళిపో."

టేపు కింద నాబ్ తిప్పడం మైకాయనకి చిటికెలో పని. ఎవరికీ తెలియదు. ముప్పై ఏళ్ళలో మొదటిసారి ఆ ఆలోచన వచ్చింది. వచ్చినందుకు తన మీద తనకే రోత పుట్టింది. శుక్రవారం, శనివారం తేలు కుట్టిన దొంగలా ఇంట్లో తిరిగాడు.

రెండో ఆదివారం, వాదనకి ముందు, మైకాయన వేదిక ఎక్కాడు. హలో, వన్, టూ, త్రీ తప్ప ఆ మైకులో ఆయన ఏనాడూ ఇంకో మాట మాట్లాడలేదు.

"పోయిన వారం సగం హాలుకి ఒకరి మాటలు వినపడలేదు. తప్పు ఆవిడది కాదు, నాది. హెడ్‌ఫోన్లు పెట్టుకుని, నాకు వినపడితే మీకూ వినపడినట్టే అనుకున్నాను. ఇవాళ నంబరు నేను పెట్టను. ఇద్దరూ చెరో మాట చెప్తారు. వెనక బెంచీవాళ్ళు వినపడగానే చెయ్యెత్తండి. అన్ని చేతులూ లేచిన చోట నాబ్ ఆపుతాను. సంతకాలు అక్కడే."

"అంటే ఆవిడకి పెంచుతావన్నమాట" అని ముందు వరసలోంచి ఒకడు లేచాడు.

"పెంచుతాను. మీ ఆయన మాట వినపడకపోతే ఆయనకీ పెంచుతాను."

హాలంతా నవ్వింది. లారీలాయనకీ నవ్వాగలేదు. "కూర్చోరా" అన్నాడు తన మనిషితో. "నా మాట వినపడలేదన్నవాడు ఇంకా పుట్టలేదు. కానివ్వవయ్యా."

ఆయనకి రెండు దగ్గరే వెనక బెంచీ మొత్తం చేతులెత్తేసింది. నర్సమ్మకి ఆరు, ఏడు, ఎనిమిది దాటింది. తొమ్మిది దగ్గర చివరి చెయ్యి లేచింది. అది మైకాయన భార్యది. మొహమాటానికి చెయ్యెత్తే మనిషి కాదు ఆవిడ.

టేపు అంటించాక మైకాయన హెడ్‌ఫోన్లు బల్ల మీద పెట్టేసి, వెళ్ళి వెనక బెంచీ పక్కన నిలబడ్డాడు. అదే ప్రశ్న మళ్ళీ వచ్చింది. నర్సమ్మ అంది: "పాత బస్సు డిపో బాగుచేసి దుకాణాలు అక్కడ కట్టిస్తాం. కట్టడానికి రెండేళ్ళు పడుతుంది. ఆ రెండేళ్ళూ మీకు కష్టమే, బేరాలు తగ్గుతాయి. తగ్గవని నేను అబద్ధం చెప్పను. కానీ మంచాలు చాలక రోగుల్ని నేల మీద పడుకోబెట్టిన చేతులివి. ఇంక చూస్తూ ఊరుకోవడం నావల్ల కాదు."

చెప్పుల దుకాణం వదిన ఈసారి లేచిపోలేదు. పైట చెంగుతో ముక్కు తుడుచుకుని, "మా అత్తని కూడా నేల మీదే పడుకోబెట్టారు" అంది ఎవరితోనో. కుట్టు దుకాణం ఆవిడ మాత్రం చేతులు కట్టుకుని, కన్నార్పకుండా చివరిదాకా విన్నది.

సాయంత్రం ఇద్దరూ ఇంటికి నడుస్తున్నారు. హాలు తాళాలు ఇంకా మైకాయన జేబులోనే ఉన్నాయి. చాలా దూరం వెళ్ళాక అడిగాడు:

"వినపడిందా?"

"ప్రతి ముక్కా."

"అయితే?"

"మనిషి మంచిది. అబద్ధమాడలేదు. పోయిన వారమైతే, అంతమందిలో నోరు పెగలక నిలబడింది పాపం అని, జాలిపడి ఆవిడకే వేసేద్దామనుకున్నాను" అంది. "ఇవాళ విన్నాను కాబట్టి వెయ్యను. రెండేళ్ళు బేరాలు లేకుండా నేను ఉండలేను."

ముప్పై ఏళ్ళలో తన పనికి ఇంత మంచి మాట ఎవరూ చెప్పలేదనిపించింది మైకాయనకి. ఆవిడ చేతిలోని సంచీ తీసుకుని పక్కనే నడిచాడు.