సోమవారం మొక్కు

మా ఇంట్లో సోమవారం మాంసం వండం. అందుకు కారణం దేవుడి మీద భక్తి కంటే కార్గిల్ యుద్ధమే ఎక్కువ.

అప్పట్లో నేను హిందూపురంలో ఒక ఎస్‌టీడీ బూత్‌లో పనిచేసేదాన్ని. పెనుకొండ నుంచి ఒకామె ఆదివారాలు బస్సెక్కి వచ్చి, సరిహద్దులో ఉన్న కొడుకు ఫోను కోసం మా బల్ల మీద కూర్చునేది. ఫోను ముందు ఎత్తేది నేనే కదా. "మాయమ్మ వచ్చిందామ్మీ?" అని అడిగేవాడు. కొన్నాళ్లకు "నువ్వు తిన్న్యావా?" అని కూడా అడగడం మొదలుపెట్టాడు. ఆ తర్వాత వాళ్లమ్మ రాని రోజుల్లోనూ ఫోను మోగేది. ఇంక చెప్పేదేముంది!

ఒక ఆదివారం ఫోను రాలేదు. వాళ్లమ్మ చివరి బస్సుదాకా చూసి ఏడ్చుకుంటూ వెళ్లింది. మర్నాడు నేను శివుడి గుడికి పోయి, అతను క్షేమంగా వస్తే సోమవారం నీచు ముట్టేది లేదని మొక్కుకున్నాను. నా ఒక్కదాని తరఫున మొక్కుకుంటే సరిపోయేది. కంగారులో ఇద్దరి తరఫునా మొక్కేశాను. అప్పటికి పెళ్లి మాటే ఎవరూ ఎత్తలేదు!

అతను తిరిగొచ్చాడు. మొక్కు సంగతి చెప్పక తప్పలేదు. పడీపడీ నవ్వి, "ఇద్దరి మొక్కును రెండిండ్లల్లో ఎట్ల తీరుస్తామమ్మీ?" అన్నాడు.

ముక్క లేనిదే ముద్ద దిగని మనిషి. ఇప్పటికీ సోమవారం వస్తే సణుగుడే. "యుద్ధం అయిపోయి ఎన్నేండ్లాయె, నాకింకా రేషనేనా?" అంటాడు. నేను నవ్వేస్తాను గానీ, మొక్కు తప్పితే ఆయనకేమవుతుందోనన్న భయం నన్ను వదల్లేదు. ఊరు దాటితే చాటుగా తింటున్నాడేమోనని అనుమానం కూడా.

పోయిన నెల ధర్మవరంలో ఆయన మిలిటరీ స్నేహితుడి ఇంట్లో విందు. సరిగ్గా సోమవారం. రాగిసంగటి, పొట్టేలు కూర. నేను ఆయన్ను వెతుక్కుంటూ మగవాళ్ల పంక్తి వెనక్కి వెళ్లేసరికి, స్నేహితుడు గరిటె పట్టుకుని బలవంతం చేస్తున్నాడు.

"చెల్లెలు ఈడ లేదు గదప్పా, ఏసుకో. ఏమయితాది?"

నేను చప్పున స్తంభం చాటుకు తప్పుకున్నాను.

"ఏమీ కాదప్పా," అన్నాడు మా ఆయన. "కానీ నేను తిన్న్యానని తెలిస్తే ఆయమ్మి మళ్లా భయపడతాది. ఇంకోసారి ఆ ఫోను ముందర కూచోబెట్టలేను. నాకు పప్పు ఏయి, సాలు."

ఆయన కంట పడకుండా వెనక్కి వచ్చి, కొంగుతో కళ్లు తుడుచుకున్నాను.

పెనుకొండ బస్సులో ఆయన మెల్లగా అడిగాడు, "రేపు మంగళవారమే గదమ్మే, ఒక కోడి కోద్దామా?"

"రెండు కోద్దాం," అన్నాను.