రంగప్ప తాత వీపు

బలసముద్రం వెళ్లాల్సి వస్తే నేను ఊరి బయటే హెల్మెట్ పెట్టుకుంటాను. పోలీసుల భయం కాదు, మొహం కనబడకూడదని. ఒక్క సాయంత్రంలో ఒక ముసలాయన సినిమా జీవితం మొత్తాన్ని తుడిచిపెట్టిన ఘనుణ్ని మీరు ఇంతవరకూ చూసి ఉండకపోతే, ఇదిగో, నేనే.

అప్పట్లో పావగడ బస్టాండు ఎదురుగా పెళ్లి వీడియోల షాపు పెట్టి, నన్ను మించిన ఎడిటర్ మద్రాసులో కూడా లేడని నమ్ముతుండేవాణ్ని. పెళ్లికూతురికి అడ్డం వచ్చిన బంధువుల్ని ఆనవాలు లేకుండా ఎగరగొట్టడం నా ప్రత్యేకత.

ఒకరోజు బలసముద్రం నుంచి రంగప్ప తాత వచ్చాడు. భూమి సోలార్ పార్కుకు లీజుకిచ్చాక ఆయనకు చేయడానికి పని లేదు, చెప్పుకోవడానికి మాత్రం ఒక కథ ఉంది. కుర్రతనంలో మద్రాసు పారిపోయి సినిమాల్లో వేషాలు వేశాడట. ఊళ్లో ఎవరూ నమ్మరు. అందరికంటే గట్టిగా నమ్మనిది ఆయన భార్య అక్కమ్మ అవ్వ.

“నేను మద్రాసులో శెనక్కాయలు అమ్మినానంటాదప్పా. పెండ్లయినప్పటినుంచీ అదే మాట. దాని కండ్లు పూర్తిగా పోయేలోపల ఒక్కసారి చూపియ్యల్ల” అన్నాడు.

ఆయన చెప్పిన పాత జానపద సినిమా ఫోన్లోనే దొరికింది.

“ఏం వేషం తాతా?”

“రాజు పక్కనే ఉంటాను. చూస్తే నీకే తెలుస్తాది.”

ఇక్కడ ఇంకో ప్రశ్న అడగాలని మామూలు మనిషికి తోస్తుంది. నాకు తోచలేదు. రాజు పక్కన మెలేసిన మీసాల మంత్రి ఉన్నాడు. ముక్కు కూడా కలిసింది. ఆయన మొహం చుట్టూ గులాబీలు రాలే చట్రం వేసి, కింద ‘మన రంగప్ప’ అని బంగారు అక్షరాలు పెట్టాను. సినిమా మరీ పొడుగని గంటకు కోశాను. కోస్తుంటే, సభలో హీరో ఆవేశంగా మాట్లాడుతున్నప్పుడు బల్లెం పట్టుకుని కెమెరాకు అడ్డంగా నడిచే భటుడొకడు తగిలాడు. చేతి అలవాటు కదా, ఎగరగొట్టేశాను.

వాళ్ల ఊళ్లో గొర్రెల దొడ్డి గోడకు తెరగా తెల్ల పంచె కట్టాం. ఊరి చుట్టూ కనుచూపు మేర సోలార్ పలకలే. ఊళ్లో మాత్రం కరెంటు పోయింది కాబట్టి జనరేటర్ తెప్పించాం. అవ్వను ముందు కుర్చీలో కూర్చోబెట్టాం. గులాబీలు రాలాయి, కుర్రకారు ఈలలు వేసింది.

“ఈయప్ప ఎవురు?” అంది అవ్వ.

“తాతే అవ్వా. మేకప్పు.”

“మేకప్పేస్తే చెవులు మారతాయా?”

తాత మాత్రం సభ సీను కోసం చూస్తున్నాడు. సభ వచ్చింది, హీరో మాట్లాడాడు, సభ ముగిసింది.

“బల్లెం పట్టుకున్నోడు యాడికి పోయినాడు?” అన్నాడు.

“వాడా తాతా? హీరోకు అడ్డం వస్తాంటే తీసేసినా.”

“అది నేనే కదప్పా. నేను వేసినవన్నీ మద్రాసులోనే కోసేసినారు. హీరో మాటలు బాగా వచ్చినాయని ఆ ఒక్కటి మిగిలింది. దాన్ని కోసేదానికి పావగడలో నువ్వు పుట్టినావు.”

జనం నవ్విన నవ్వుకు దొడ్డిలో గొర్రెలు కూడా అరిచాయి. “నేను చెప్పలేదా, శెనక్కాయలేనని” అంటూ అవ్వ లేచింది. నాకు నిజంగానే ఏడుపొచ్చింది. ఫోన్లో అసలు సినిమా తీసి ఆమె కళ్ల దగ్గర పెట్టాను. భటుడు అటునుంచి ఇటు నడిచాడు. మొహం ఎక్కడా కనిపించదు, అంతా వీపే.

“మల్లా పెట్టు” అంది. పెట్టాను.

“ఈయప్పే. ఆ వీపు నాకు తెలీదా? ఇంట్లోనూ ఇంతే, నేను టీవీ చూస్తాంటే అడ్డం నడుస్తాడు.”

తాత అటు తిరిగి తువ్వాలుతో కళ్లు తుడుచుకున్నాడు.

ఆ సాయంత్రం ఊరి చుట్టూ ఉన్న సోలార్ పలకలన్నిటి సాక్షిగా ప్రతిజ్ఞ చేశాను, అడ్డం వచ్చినవాణ్ని ఇక జన్మలో తీయనని. మాట మీదే ఉన్నాను. మొన్న అరసికెరె పెళ్లివాళ్లు వీడియో చూసి షాపు మీదికొచ్చారు.

“తాళి కట్టేది ఏదప్పా? అంతా ఎవుని వీపో ఉండాది.”

“ఉండనీ అన్నా” అన్నాను. “ఆ వీపును గుర్తుపట్టే ఆడమనిషి ఒకతె యాడో ఉంటాది.”