ఆటలమ్మ అంతస్తులో ఇరవై ఎనిమిది రోజులు

సోమవారం ఉదయం ఆరూ నలభైకి యూనివర్సిటీ ఆడపిల్లల హాస్టల్లో రిపోర్ట్ చేశాను. మార్చి నెల. అప్పటికే ఎండ చురుక్కుమంటోంది. సైన్యంలో నర్సింగ్ ఆఫీసర్‌గా చేసి, కెప్టెన్‌గా బయటికొచ్చి రెండేళ్లయింది. ఇప్పుడు క్యాంపస్ ఆరోగ్య కేంద్రంలో కాంట్రాక్టు ఉద్యోగం. సంచిలో రెండు థర్మామీటర్లు, చేతి తొడుగులు, కాలమైన్ లోషన్, ఒక రిజిస్టరు. పై అంతస్తులో ఆరుగురికి ఆటలమ్మ.

మెట్ల దగ్గరే మా ఆరోగ్య కేంద్రం డాక్టరమ్మ ఆపారు. కాకినాడ మనిషి, తార్నాకలో స్థిరపడ్డారు. నాకు చిన్నప్పుడు వచ్చిందా అని అడిగారు. కనుబొమ్మ పక్కనున్న గుంట చూపించాను. మా ఊళ్లో అమ్మ నన్ను పాస్టరుగారికి తెలియకుండా వేపాకు మీద పడుకోబెట్టింది. ఒకసారి వచ్చిపోయిన ఆటలమ్మను ఒళ్లు మర్చిపోదని, మళ్లీ అదే వైరస్ వస్తే పొక్కు లేవకముందే అణిచేస్తుందని డాక్టరమ్మ చెప్పారు. ఉత్తర్వు ఒక్కటే: ఇదివరకు రానివాళ్లు మెట్లెక్కకూడదు. నేను, వంటామె, ఇద్దరమే అర్హులం.

రెండు రోజులు నాలుగు గంటలకోసారి జ్వరం చూశాం. జావ తాగించాం. గోకకుండా గోళ్లు కత్తిరించాం.

బుధవారం ఎనిమిదిన్నరకు కింద వరండాలో ఒకమ్మాయి నా కోసం నిలబడి ఉంది. చరిత్రలో పరిశోధన చేస్తోంది. పైనున్న ఆరుగురిలో ఒకరి రూమ్మేట్.

"అక్కా, నాకు చిన్నప్పుడు రాలే. టీకా కూడ వేయలే. నేను కిడ్నీ గోలీలు వేసుకుంటున్న. చెప్పాల్నా?"

పెన్ను పక్కనపెట్టి, ఏం గోలీలని అడిగాను. రెండేళ్ల కిందట వాళ్లన్న కిడ్నీ ఇచ్చాడట. హాస్టల్లో ఎవరికీ చెప్పలేదు.

డాక్టరమ్మ వచ్చి ఆమెను కూర్చోబెట్టారు. ఇచ్చింది అన్నే అయినా ఆ కిడ్నీని ఒళ్లు పరాయిదిగానే చూస్తుంది, దాడి చేస్తుంది. గోలీలు ఆ దాడిని అణచి ఉంచుతాయి. అలా అణిగిన ఒళ్లు ఆటలమ్మను కూడా ఎదుర్కోలేదు. మాకు పొక్కులతో పోయేది ఆమెకు ఊపిరితిత్తులదాకా పాకవచ్చు. టీకా వేద్దామా అన్నాను. ఆ టీకాలో ఉండేది బలహీనపరిచిన వైరసే, కానీ బతికున్నది, ఈమెకు అదీ ప్రమాదమే అన్నారు. మిగిలిన దారి ఒక్కటే. ఆటలమ్మను ఎదిరించే ప్రతిరక్షకాలు నిండుగా ఉన్నవాళ్ల రక్తం నుంచి వాటిని వేరుచేసి ఇంజెక్షన్‌గా ఇస్తారు. అంటుకున్న నాలుగు రోజుల్లోపు ఇస్తే మేలు. రూమ్మేట్ శనివారం మధ్యాహ్నం ఊరి నుంచి జ్వరంతోనే వచ్చింది. అంటే మాకున్నది ఆ బుధవారం మధ్యాహ్నం వరకే.

ఆమె కిడ్నీ డాక్టరు ఫోన్‌లో సరేనన్నారు. ఎన్నో మందుల షాపులకు ఫోన్ చేశాక అమీర్‌పేటలో దొరికింది. తొమ్మిదీ ఇరవైకి ఐస్ బాక్స్ భుజాన వేసుకుని బయల్దేరాను. ఆటోలో తార్నాక స్టేషన్, అక్కణ్ణించి మెట్రో.

తిరుగు ప్రయాణంలో బాక్స్ ఒళ్లో పెట్టుకున్నాను. నిజం చెప్పాలంటే భయం లేదు. ఒళ్లంతా హుషారు. ముక్కూ మొహం తెలియని మనుషుల ఒళ్లు నేర్చుకున్న విద్య నా ఒళ్లో కూర్చుని తార్నాకకు వస్తోంది. నాలో నేనే నవ్వుకున్నాను.

ఫోన్ మోగింది. డాక్టరమ్మ. "ఎక్కడున్నారు?"

"మెట్టుగూడ దాటిన మేడమ్. బాక్స్ చల్లగనే ఉన్నది."

స్టేషన్ బయట ఎక్కిన ఆటో తార్నాక చౌరస్తాలో బస్సుల మధ్య ఇరుక్కుంది. దిగేసి పరుగెత్తాను. పదకొండూ యాభైకి ఆరోగ్య కేంద్రం చేరాను. అయిదు నిమిషాల్లో సూది దిగింది.

"ఇవి ఎవరియక్కా?" అని అడిగింది అమ్మాయి.

"తెల్వదు. ఎవరెవరియో."

ఈ ప్రతిరక్షకాలు కొన్ని వారాలకు కరిగిపోతాయని, జబ్బు ఆలస్యంగానైనా బయటపడొచ్చని, ఇరవై ఎనిమిది రోజులు గమనించాలని డాక్టరమ్మ చెప్పారు. ఆమెకు కింద విడిగా గది ఇచ్చారు. రోజూ ఉదయం ఏడుకు, సాయంత్రం ఏడుకు పరీక్ష. పదమూడో రోజు మెడ మీద ఎర్రటి చుక్క కనిపించింది. వంటామె తొంగి చూసింది.

"దోమ కుట్టింది బిడ్డా, గంతే."

సాయంత్రానికి చుక్క పోయింది. మూడో వారానికల్లా పైనున్న ఆరుగురూ కోలుకుని మెట్లు దిగారు.

ఇరవై ఎనిమిదో రోజు రిజిస్టరు అప్పగించి వారాసిగూడలో ఇంటికి వచ్చాను. స్నానం చేసి, భోజనం కూడా చేయకుండా పడుకున్నాను. ఎన్నో డ్యూటీలు చేశాను, చాలావాటిలో మొహాలు కూడా గుర్తులేవు. ఆ చివరి ఉదయం మాత్రం పోవడం లేదు. వరండాలో ఎండ. మోచేతుల పైకి చొక్కా మడిచి, నేను అడగకముందే రెండు చేతులూ చాచి, ముందుకూ వెనక్కూ తిప్పి చూపిస్తూ ఆ పిల్ల. ఒక్క పొక్కు లేదు.