కృష్ణయ్య ఇచ్చిన ఎరువు

శావల్యాపురం దగ్గర పల్లెలో ఉండే కృష్ణయ్యకు తెలిసిన పంట పొగాకు ఒక్కటే. తండ్రి చేతికింద నారు పోయడంతో మొదలైన బతుకు, అరవై దాటినా వేళ్లకు అంటిన ఆ పసరు జిగట వదలకుండానే నడిచింది. బతుకంతా ఆయన పోరాడింది పొగాకు మల్లె అనే కలుపుతో. తలలో తురుముకునే మల్లెకూ దీనికీ పేరులో తప్ప పోలిక లేదు. దీనికి పచ్చని ఆకు లేదు. ఎండలో తన ఆహారం తాను తయారుచేసుకోలేదు. భూమిలోపలే పొగాకు వేరును కరచుకుని, సారం పీల్చి, బొటనవేలంత లావు కాడగా పాలిపోయి పైకి లేస్తుంది. కాడ చుట్టూ పొలుసులు, వాటి సందుల్లో కిందికి వంగిన తెల్లని గొట్టాల్లాంటి పూలు, అంచుల్లో లేత నీలం. చూడటానికి అందమైనదే. విత్తనం మాత్రం ధూళి. పొగాకు వేరు దరికి వచ్చేదాకా ఏళ్ల తరబడి మట్టిలో నిద్రపోగలదు.

ఏటా ఆ కాడలను పీకి కృష్ణయ్య గేదెలకు వేసేవాడు. కలుపు కాస్తా పాలుగా మారుతోందని ఒక తృప్తి. పక్క చేలో మహబూబ్ ఈ ఏడు మొదటిసారి పొగాకు వేస్తుంటే, అడక్కుండానే తన పేడదిబ్బ నుంచి ఎరువు తోలించాడు.

ఈ ఏడే, పొగాకు వేసినా ఎన్నడూ మల్లె పుట్టని కృష్ణయ్య మెట్ట చెక్కలో కాడలు లేచాయి. చేనంతా కాదు, చల్లకముందు ఎరువు కుప్పలు పోసిన చోట్ల మాత్రమే, గుంపులుగా. గేదె కడుపు కూడా ఆ విత్తనాన్ని చంపలేదన్నమాట. కృష్ణయ్యకు మహబూబ్ చేలోకి తోలించిన ఎరువు గుర్తొచ్చింది. ఉద్దేశం మంచిదైతే చేసిన పనీ మంచిదవుతుందన్న ఊరట అక్కడ ఆయనకు దొరకలేదు. గట్టు దాటి మహబూబ్ చేలోకి నడిచాడు.

"ఏంది మామా, దిష్టి పెట్టడానికొచ్చావా?"

"ఒరేయ్, నేనిచ్చిన ఎరువులో మల్లె విత్తనం ఉందిరా."

"ఊరుకో మామా! ఆ ఎరువు చలవే గదా ఈ ఆకంతా. పొద్దున్నే అత్త చేత చీవాట్లు తిన్నావా ఏంది?"

కృష్ణయ్య వంగి ఒక మొక్క మొదట్లో మట్టి తవ్వాడు. వేరుకు అతుక్కుని శనగగింజంత పసుపు బుడిపె, ఇంకా పైకి లేవని మల్లె. పక్క మొక్క కిందా అదే.

మహబూబ్ నవ్వు ఆగింది. "మందు లేదా?"

"పూతకు రాకముందే పీకాల."

"ఎన్నేళ్లు?"

"మా నాయన పీకాడు. నేనింకా పీకుతానే ఉండా."

మహబూబ్ తిట్టలేదు. "మా ఇంట్లో చెప్పమాక మామా. చానా ఆశ పెట్టుకుంది. నేనే చెప్తాలే" అని, తవ్విన మట్టిని మొక్క మొదలుకు మెల్లగా ఎగదోసి, అరచేత్తో అదిమాడు.