అమ్మ కాచిన వేణ్ణీళ్ళు

మా ఇంట్లో చేను నుంచి వచ్చినవాళ్ళకి ముందు వేణ్ణీళ్ళు, తర్వాతే అన్నం. జగ్గయ్యపేటలో ఉన్నప్పుడూ అంతే, అన్నయ్య కాపురం నందిగామకి మారి అమ్మ అక్కడికి చేరాకా అంతే. మిరపకోతల రోజుల్లో నీళ్ళ కాగు పొయ్యి దిగేది కాదు. నేను మాత్రం మద్రాసు నుంచి రైళ్ళూ బస్సులూ మారి ఒళ్ళు హూనం చేసుకుని వచ్చినా, "కూర్చునేగా వచ్చావు, తొట్లో చన్నీళ్ళున్నయ్యి, పోసుకో" అనేది అమ్మ.

సినిమాల్లో నేను చేసేది పనే కాదని అమ్మ గట్టి నమ్మకం. జగ్గయ్యపేట నాటకాల్లో చిన్నపిల్ల వేషాలు కట్టినప్పటి నుంచీ అదే మాట. మద్రాసు వెళ్ళి చెలికత్తెనయ్యాను, వదిననయ్యాను, పాతికేళ్ళు దాటీ దాటకుండానే జుట్టుకి తెల్లరంగు పూయించుకుని గయ్యాళి అత్తనయ్యాను. తర్వాత అమ్మమ్మ వేషాలదాకా వచ్చాననుకోండి. అత్త వేషాలదాకా ఎన్ని వేసినా అమ్మ ఒక్కటీ చూడలేదు. "ఎవరో రాసిచ్చింది చెప్పి రావటం కూడా పనేనా ఏంది?" అనేది. పైకి నవ్వేసినా లోపల ఉడుక్కునేదాన్ని. ఊరంతా మెచ్చుకున్నా సరే, ఆవిడ నోట ఒక్క మాట రాకపోతే నాకు తృప్తి లేదు.

ఒక వేసవిలో నందిగామ టూరింగ్ టాకీసులో నా బొమ్మ పడింది. బతిమాలి బామాలి అమ్మని మొదటాటకి లాక్కెళ్ళాను. ఎవరూ గుర్తుపట్టకుండా కొంగు ముక్కుదాకా కప్పుకుని, ఆడవాళ్ళ నేలలో అమ్మ పక్కనే ఇసుకలో కూలబడ్డాను. అందులో నేను కోడలిని తిండికి మాడ్చే అత్తని. తెరమీదికి రాగానే చుట్టూ శాపనార్థాలు మొదలయ్యాయి. నాకవి హారతులే. అమ్మ మాత్రం ఉలకదు, పలకదు. ఇంటర్వెల్లో జంతికలు కొనిస్తే తిని ఊరుకుంది. నా ప్రాణం ఉసూరుమంది.

ఆ తర్వాత, కోడలు ఆకలికి ఆగలేక ఎంగిలి విస్తట్లో చెయ్యి పెట్టబోతే నేను ఆ విస్తరిని కాలితో తన్నే సీను వచ్చింది. అమ్మ మోకాళ్ళ మీద లేచి, తెరవైపు ఫటఫటా మెటికలు విరిచింది.

"నీ కాళ్ళు పడిపోనూ! అసలు నిన్ను కన్నదెవత్తే!"

నవ్వు ఆగక కొంగు నోట్లో కుక్కుకున్నాను. అప్పుడు గుర్తొచ్చింది ఆవిడకి. గభాల్న తిరిగి నా కాళ్ళు రెండూ తడిమి చూసింది. గుప్పెడు ఇసుక తీసి నా తలచుట్టూ తిప్పి, "పాపిష్టి నోరు, పాపిష్టి నోరు" అంటూ విసిరేసింది. అది పోయి ముందు కూర్చున్నావిడ నెత్తిన పడింది. ఆవిడ పోట్లాటకని వెనక్కి తిరిగి, కొంగు జారిన నా మొహం చూసి, "అమ్మో, అత్త ఇక్కడే ఉందే!" అని కేకేసింది. ఇక సినిమా చూసినవాళ్ళు లేరు.

దారిపొడుగునా అమ్మ నాకంటే పదడుగులు ముందే నడిచింది. ఇంటి గుమ్మం దగ్గర ఆగి, "ఆ పిల్లకి పట్టెడన్నం పెడితే నీ సొమ్మేం పోయిందే?" అంది, నిజం కోపంతోనే. "ఇంకెప్పుడూ అట్లా చెయ్యనులే" అన్నాను.

నీళ్ళు పోసుకుందామని తొట్టి దగ్గరికి వెళ్తుంటే నా చేతిలో చెంబు లాక్కుంది.

"ఆగు. అంత పని చేసొచ్చి చన్నీళ్ళేంది, ఒళ్ళు పట్టేస్తది."

ఆ షూటింగు అయిపోయి అప్పటికి ఎన్నో నెలలైంది. ఆ మాట నేను చెప్పలేదు. అమ్మ పొయ్యి రాజేసి కాగు ఎక్కించింది, నేను పక్కనే పీట వేసుకుని కూర్చున్నాను.