‘మానెయ్యొచ్చు’ అన్న మాట

యూనివర్సిటీ వాళ్లను ఆఫీసర్ల ముందు కూర్చోబెట్టి, వాళ్ల పరిశోధన నాలుగు ముక్కల్లో చెప్పించడం నా పని. నాకసలే ఓపిక తక్కువ. దొరికిన కాస్త సమయమూ వాళ్లు ఉపోద్ఘాతానికే తగలేస్తే ఒళ్లు మండిపోతుంది.

ఆ వానాకాలం ఒక రీసెర్చ్ అమ్మాయిని భద్రాచలం తీసుకెళ్తున్నాను. అడవి అంచున, వాగు అవతల ఒక గూడెం. అక్కడి బడి ఎత్తేసి, వాగు ఇవతలి ఊరి బడిలో కలిపేస్తారట. కలిపితే గూడెం పిల్లల చదువు అంతటితో సరి. ఆమె ఆ పిల్లల మీదే పరిశోధన చేస్తోంది. ఆమె చెప్తే విద్యాశాఖ ఆఫీసరు ఆగుతాడని నా ఆశ.

బస్సులో దారంతా నూరిపోశాను. “‘మానేస్తారు’ అని గట్టిగా చెప్పు తల్లీ. ‘మానెయ్యొచ్చు’ అని నసగకు.”

“ఇంకా జరగనిదాన్ని జరుగుతుందని ఎట్ల చెప్తానక్కా? నా డేటా అంతవరకే చెప్తుంది.”

“నీ డేటా సల్లగుండ!” అన్నాను. కిటికీ తీశాను, మళ్లీ మూశాను.

ఆఫీసరు ఫైల్లోంచి తలెత్తకుండానే అడిగాడు. “ఏందంటరు? వాగు దాటాల్సొస్తే పిల్లలు బడి మానేస్తరా?”

బల్ల కింద ఆమె కాలు తొక్కాను.

“మానెయ్యొచ్చు సార్.”

ఆయన పకపకా నవ్వాడు. “మానెయ్యొచ్చా? పర్మిషన్ మీరే ఇస్తున్నరా మేడం? సరే, చూద్దాం.” ఫైలు మూశాడు.

ఆఫీసులో ‘చూద్దాం’ అంటే కాదనే అర్థం. అది తెలియనివాళ్లు మా జిల్లాలో ఉండరు. ఉసూరుమంటూ సంచి భుజాన వేసుకున్నాను. ఆ అమ్మాయి మాత్రం కుర్చీలోంచి కదల్లేదు.

“ఎప్పుడు చూద్దాం సార్? ఎంతమంది మానేస్తారో నేను చెప్పలేను. పోయినసారి వాగొచ్చినప్పుడు పెద్దవాళ్లే సంతకు పోలేకపోయారు. అది నేను కళ్లారా చూశాను. పైన కొండల్లో వాన పడుతోంది. రేపు మీరూ వచ్చి చూడండి.”

తన నోటితోనే చూద్దామన్నాడు, ఇక కాదనలేకపోయాడు.

మర్నాడు పొద్దున్నుంచీ వాగు గట్టున కాలుగాలిన పిల్లిలా తిరిగాను. రాడు, రానే రాడని ఆమె మీద అరిచాను కూడా. మధ్యాహ్నానికి జీపు వచ్చింది. ఆఫీసరు ప్యాంటు మడిచి, ఎర్రనీళ్లలో ఒక అడుగు వేసి, చప్పున వెనక్కి తీసుకున్నాడు. అవతలి గట్టు మీద బిడ్డను చంకనెత్తుకున్న ఒక తల్లి కేకేసింది.

“రాండ్రి సారూ! మా పిల్లలు దాటొచ్చంట గదా, మీకేందట?”

నాకు నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి. ఆయన నవ్వలేదు. మడిచిన ప్యాంటు దించుకున్నాడు.

“మానేస్తరు” అన్నాడు.

ఈ ఏడాదికి బడి నిలబడింది. వచ్చే ఏడు కూడా ఉంటుందా అక్కా అని గూడెం తల్లులు కనిపించినప్పుడల్లా అడుగుతారు. గట్టిగా చెప్పాలని నోరు తెరుస్తాను.

“ఉండొచ్చు” అంటాను.