రాహుకాలం సర్పంచ్

మా ఊరి సర్పంచ్ కోటిలింగం గారు రాహుకాలంలో తప్ప ఏ పనీ మొదలుపెట్టరు. పొరపాటున కాదు, పట్టుబట్టి. ఊరంతా రాహుకాలం పోయేదాకా అరుగుల మీద కూర్చుంటే, ఆయన రాహుకాలం వచ్చేదాకా కూర్చునేవారు.

ఊళ్ళో పౌరోహిత్యం నాది. మంచి గడియ చెప్పమని నా దగ్గరకు వచ్చినవాళ్ళు వేలమంది ఉంటారు. చెడ్డ గడియ చెప్పమని వచ్చింది మాత్రం ఆయనొక్కరే. దేవుడున్నాడని నమ్మేవాళ్ళు ఏడాదికి నాలుగుసార్లు నా గుమ్మం తొక్కితే, లేడని నమ్మే కోటిలింగం గారు రోజూ పొద్దున్నే తొక్కేవారు. ఉగాదికి కొన్న పంచాంగం ఆయన చేతుల్లో పడి దసరాకల్లా అట్టలూడిపోయేది.

"పంతులుగారూ, ఇవాళ రాహువు ఎన్నింటికి దిగుతాడు?"

"శనివారం కదండీ, తొమ్మిదికి."

"తొమ్మిదికా, తొమ్మిదీ పదికా? సూర్యోదయం చూసి చెప్పండి."

"పది నిమిషాలు అటూ ఇటూ అయితే మునిగిపోయిందేముందండీ?"

"మంచి టైములో బయల్దేరినవాణ్ణి అవుతానండీ. రేపు ఊళ్ళో తలెత్తుకుని ఎలా తిరగను?"

ఆయన మిరప నారు పోసేది రాహుకాలంలో. పత్తి విత్తనం పెట్టేది రాహుకాలంలో. పర్చూరు బస్సు ఆయన కోసం ఆగినా, వాచీ ఒప్పుకోకపోతే ఎక్కేవారు కాదు. పంట బాగా వస్తే "చూశారా, రాహువు ఏం చెయ్యలేడు" అనేవారు. తెగులొచ్చి పోతే "మందు సరిగ్గా కొట్టలేదు" అనేవారు. ఎటు తిరిగినా గెలుపు ఆయనదే. నిజం చెప్పొద్దూ, నా వృత్తిలో నేను చేసే పనీ ఇంచుమించు అదే కాబట్టి నోరు మూసుకునేవాణ్ణి.

పెళ్ళి కూడా మంగళవారం మధ్యాహ్నం మూడున్నరకు చేసుకున్నారు. ఆయన భార్య సుబ్బరావమ్మ గారిని ఒకసారి అడిగాను, ఎలా ఒప్పుకున్నారమ్మా అని.

"ఏం చేస్తామండీ, మనిషి మంచివాడన్నారు. అయినా ఒక సుఖం ఉందిలెండి. ఇంట్లో ఏ గొడవొచ్చినా ఆయన్ననను. రాహువుని తిడతా. ఆయన కాఫీ తాగుతూ వింటారు."

రెండువేల ఒకటిలో పంచాయతీ ఎన్నికలొచ్చాయి. నామినేషన్లకు దివ్యమైన ముహూర్తం పెట్టాను. పెట్టింది ఒక్కటే, తీసుకున్నవాళ్ళు ఇద్దరు. ఇద్దరు అభ్యర్థులూ ఒకే ఘడియలో మేళతాళాలతో వచ్చి ఆఫీసు గుమ్మంలో భుజాలు రాసుకుని, తోసుకుని, ఒకరి కండువా ఒకరు లాక్కున్నారు. వాళ్ళు వెళ్ళిపోయాక ఎండలో గొడుగేసుకుని కోటిలింగం గారు తాపీగా వచ్చి కాగితం ఇచ్చి పోయారు. ఓట్ల లెక్కింపులో నా ముహూర్తం ఇద్దరికీ పని చెయ్యలేదు. ఆయన సర్పంచ్ అయ్యారు. ఆ వారమంతా నేను వీధిలోకి రాలేదు.

ప్రమాణ స్వీకారం నాడు ఉపసర్పంచ్ సంజీవరావుకీ ఆయనకీ మొదటి వాదన జరిగింది. సంజీవరావు తెలివితక్కువవాడేం కాదు. పెద్దల పద్ధతుల మీద గురి ఉన్నవాడు.

"మంచి గడియలో కూర్చుంటే నీ సొమ్మేం పోయింది కోటిలింగం? రాజులు కూడా ముహూర్తం చూసే గద్దెనెక్కారు."

"రాజు దేవుడి తరఫున కూర్చుంటానన్నాడు, ఆయన్నడిగి కూర్చోవాలి. నేను జనం తరఫున కూర్చుంటున్నా. జనాన్ని అడిగేశాంగా."

"జనానికి ఇవాళ ఒక మాట, రేపొక మాట. నీ రాజ్యాంగానికి యాభై ఏళ్ళు. పంచాంగం వయసెంతో తెలుసా?"

"మా తాత వయసు నాకంటే ఎక్కువే. అయినా పొలానికి నేనే వెళ్తున్నా."

సంజీవరావు అంతటితో వదల్లేదు. అప్పుడతనన్న మాట నాకిప్పటికీ గుర్తుంది. "ఒరేయ్, ఈ ఊళ్ళో రెండు పార్టీలు. నువ్వు టైము పెడితే నీ పార్టీ టైమంటారు, నేను పెడితే నాదంటారు. పంచాంగం పెట్టిన టైము ఎవరిదీ కాదు. అందుకే ఎవరూ అలగరు. నీ హేతువాదంలో అలాంటిది ఒక్కటి చూపించు."

నాకు చప్పట్లు కొట్టాలనిపించింది. కోటిలింగం గారు కాస్త ఆలోచించి, "రాహుకాలం కూడా పంచాంగం పెట్టిందే గదా, అదీ ఎవరి పార్టీదీ కాదు" అని వెళ్ళి కుర్చీలో కూర్చున్నారు. రాహుకాలానికి ముందే వచ్చాం కాబట్టి నలభై నిమిషాలు సంతకం పెట్టకుండా కూర్చున్నారు.

ఇక అసలు గొడవ రెండువేల ఐదులో వచ్చింది. మా నేలలో ఏ బోరు వేసినా ఉప్పునీళ్ళే. ఆడవాళ్ళు మైలున్నర నడిచి సాగర్ కాలువ నుంచి బిందెలు మోసేవారు. కాలువ కట్టేస్తే అందులో మిగిలిన మురుగు గుంటలే దిక్కు. కోటిలింగం గారు మూడేళ్ళు ఆఫీసుల చుట్టూ తిరిగి, అన్నిసార్లూ రాహుకాలంలోనే తిరిగి, దూరాన తియ్యటి నీళ్ళు పడ్డచోట బోరు వేయించి, పైపులు లాగించి, ఊరి మధ్య ట్యాంకు కట్టించారు. ఫిబ్రవరి నెలాఖరుకు అంతా సిద్ధం. స్విచ్చి నొక్కడమే తరువాయి.

సరిగ్గా అప్పుడే శుక్ర మూఢం మొదలైంది. మళ్ళీ మంచి రోజులు మే నెలలోనే. అప్పటిదాకా ప్రారంభోత్సవం వద్దని సంజీవరావు, చేసి తీరాలని సర్పంచ్. పన్నెండుమంది వార్డు మెంబర్లలో ఐదుగురు సర్పంచ్ వైపు, ఏడుగురు సంజీవరావు వైపు. కల్లాల్లో మిరపకాయలు ఎండుతున్నాయి, కాలువలో నీళ్ళు అడుగంటాయి, పంచాయతీ మీటింగు పెట్టారు. నన్ను కూడా పిలిచారు, శాస్త్రం చెప్పడానికి.

ముందురోజు సాయంత్రం కోటిలింగం గారింటికి వెళ్ళాను. ఆయన అక్కగారు హనుమాయమ్మ మజ్జిగ ఇచ్చింది. పంతొమ్మిదో ఏటే భర్త పోతే పుట్టింటికి వచ్చేసి, తల్లి లేని తమ్ముణ్ణి పెంచి పెద్దచేసిన మనిషి. తమ్ముడికి ఎంత నాస్తికత్వమో ఆవిడకంత భక్తి. పద్ధతి తెలిసిన ఆవిడని మా ఇంట్లో మెచ్చుకునేవాళ్ళం. ఎవరైనా శుభమా అని బయల్దేరుతుంటే ఎదురుపడకుండా తనంతట తానే వంటింట్లోకి వెళ్ళిపోయేది.

"వాడికి మీరైనా చెప్పండి పంతులుగారూ. మంచినీళ్ళు రావడమే పుణ్యం గదా, మూఢమెందుకు, రాహుకాలమెందుకు" అంది.

"అక్కయ్యా, నువ్వు లోపలికెళ్ళు. నీళ్ళొచ్చాక మాట్లాడుదువుగాని" అన్నారాయన.

మర్నాడు మీటింగులో సంజీవరావు సూటిగా నన్నే అడిగాడు. "పంతులుగారూ, మూఢంలో బావులూ చెరువులూ తవ్వొచ్చా?"

"కూడదు" అన్నాను. కూడదనే ఉంది మరి.

"విన్నారుగా" అన్నాడు సంజీవరావు. కోటిలింగం గారు నా వైపు చూశారు. ఇన్నేళ్ళుగా రోజూ పొద్దున్నే వచ్చి నా పంచాంగం చించిన మనిషి. ఆయన ముఖంలో కోపం లేదు, అలసట ఉంది. నాకు మనసు ఉండబట్టలేదు.

"అయితే ఒక చిన్న విషయం" అన్నాను. "తవ్వకూడదన్నారు. ఇది తవ్వింది కాదుగా, పైకి కట్టింది. బోరు వేసింది కార్తీకంలో, అప్పుడు మూఢం లేదు. ఇప్పుడు చేసేది స్విచ్చి నొక్కడం. స్విచ్చి గురించి శాస్త్రంలో ఎక్కడా లేదు."

ఐదుగురు నవ్వారు. ఏడుగురు నవ్వలేదు. సంజీవరావు నన్ను వెలివేసేలా చూశాడు. "లేనిది కూడదనే అర్థం" అన్నాడు.

అప్పుడు పేరమ్మ లేచింది. సంజీవరావు వైపు మెంబరు. నాలుగేళ్ళుగా మీటింగుల్లో వేలిముద్ర వెయ్యడం తప్ప నోరు విప్పి ఎరగదు. "సంజీవరావు గారూ, మూఢం అయ్యేదాకా ఆ బిందె మీరు మోస్తారా? మోస్తానంటే మీకే ఓటేస్తా."

సంజీవరావు మోస్తాననలేదు. ఓట్లు ఆరూ ఆరూ అయ్యాయి. సర్పంచ్ తన ఓటు వేసి బుధవారం మధ్యాహ్నానికి ఖాయం చేశారు. బయటికి వస్తూ నా చెవిలో, "బుధవారం ఎన్నింటికండీ?" అని అడిగారు.

"పన్నెండూ ఇరవైకి దిగుతాడండీ" అన్నాను, నాకు నేనే విచిత్రంగా తోచి.

బుధవారం ఊరంతా ట్యాంకు దగ్గరే ఉంది. ట్యాంకు పగిలిపోతే చూద్దామని సంజీవరావు వర్గం కాస్త దూరంగా నిలబడింది. కుళాయి కింద బిందెలు వరసగా ఉన్నాయి. పన్నెండూ ఇరవై దాటింది. కోటిలింగం గారు స్విచ్చి దగ్గరకు వెళ్ళి వెనక్కి తిరిగారు.

"అక్కయ్యా, రా."

గోడవారన నిలబడ్డ హనుమాయమ్మ కొంగు సర్దుకుని ఇంకా వెనక్కి జరిగింది. "నేనేంట్రా, ఇంతమంది ముత్తైదువులుండగా. తప్పు."

"ఇది రాహుకాలం, పైన మూఢం. ఇంతకంటే చెడ్డ టైము లేదక్కయ్యా. నువ్వొస్తే దీనికి కొత్తగా జరిగే నష్టమేముంది? రా."

సంజీవరావు నోరు తెరిచాడు. వద్దనాలంటే ఏమని వద్దంటాడు? చెడ్డ గడియ పాడవుతుందని చెప్పాలి. తెరిచిన నోరు అలాగే మూసుకున్నాడు. పేరమ్మ వెళ్ళి ఆవిడ చెయ్యి పట్టుకుని ముందుకు తీసుకొచ్చింది. హనుమాయమ్మ కళ్ళు మూసుకుని దేవుడి పేరేదో అనుకుంటూ స్విచ్చి నొక్కింది. కుళాయి కాసేపు దగ్గింది, తర్వాత నీళ్ళు దూకాయి. మొదటి దోసెడు ఆవిడే తాగి, "తియ్యగా ఉన్నాయిరా" అంది. ఆడవాళ్ళంతా ఒక్కసారి బిందెలతో మీదపడ్డారు. ట్యాంకు పగల్లేదు.

నేను మాత్రం కదల్లేదు. ఇదే మంచి ముహూర్తమైతే, "ముత్తైదువులు ముందుకు రండమ్మా" అని మొదట కేకేసేవాణ్ణి నేనే. ముప్పై ఏళ్ళుగా వేస్తున్న కేక అది. ఆ కేకకు ఎవరెవరు వెనక్కి జరిగారో ఒక్కనాడూ చూడలేదు. సిగ్గేసింది. జనం పలచబడ్డాక కోటిలింగం గారి పక్కన కూర్చున్నాను.

"ఇందుకాండీ ఈ రాహుకాలమంతా?"

ఆయన తలగోక్కున్నారు. "నన్ను బళ్ళో వేసినరోజు మీ నాన్నగారే ముహూర్తం పెట్టారండీ. పలక కడిగింది అక్కయ్య, తల దువ్వింది అక్కయ్య. బయల్దేరేటప్పుడు ఎదురొస్తుందేమోనని గదిలో పెట్టి గడియ వేశారు. కిటికీలోంచి చెయ్యి ఊపింది. పెద్దయ్యాక అనుకున్నా, అక్కయ్య ఎదురురాకుండా ఏ పనికీ బయల్దేరకూడదని. మంచి టైములో ఆవిడే రాదు, పాపమంటుంది. రాహుకాలంలో అయితే, ఎటూ చెడ్డదేగా అని వస్తుంది."

"మరి హేతువాదం?"

"అది తర్వాత నేర్చుకున్నానండీ. ముందు కోపమొచ్చింది. కారణాలు ఆ తర్వాత దొరికాయి."

ఆ మే నెలలో మూఢం వెళ్ళగానే మా అమ్మాయి అఖిల పెళ్ళి. గురువారం పొద్దున్న పదీ నలభైకి, నేనే స్వయంగా పెట్టుకున్న ముహూర్తం, వంక పెట్టడానికి లేనిది. అక్షతల వేళ లేచి, "హనుమాయమ్మ గారూ, ముందు మీరు రండమ్మా" అని పిలిచాను. మా వైపు చుట్టాలు గుసగుసలాడారు. మా బావగారు వచ్చి, ఇదేం శాస్త్రమని అడిగాడు. "ఈ ఊళ్ళో శాస్త్రం చెప్పేది నేనే, కూర్చోండి" అన్నాను. ఆవిడ వచ్చి అక్షతలు వేసింది. మా అమ్మాయి వంగి ఆవిడ కాళ్ళకు దణ్ణం పెట్టింది. కోటిలింగం గారు పందిట్లో నిలబడి ముక్కు చీదుకున్నారు, మిరప ఘాటన్నారు. ఆ దరిదాపుల్లో కల్లమేదీ లేదు.

ఒంటిగంటన్నరకు భోజనాలు పెట్టారు. అందరూ విస్తళ్ళ ముందు కూర్చుంటే ఆయనొక్కరే బల్లమీద కూర్చుని వాచీ చూసుకుంటున్నారు.

"లేవండి, పప్పు చల్లారిపోతోంది."

"ఇంకో పదిహేను నిమిషాలు ఆగాలండీ."

"ఇంకా రాహుకాలమేమిటండీ? అక్కగారు మంచి గడియలోనే ముందుకొచ్చారు. ఇక దానికి కారణమే లేదుగా."

ఆయన నన్ను జాలిగా చూశారు. "పాతికేళ్ళ నుంచి వస్తున్న ఆచారం పంతులుగారూ. కారణం లేదని ఆచారం మానేస్తామా?"

లోపలికి కేకేసి, నా విస్తరి కూడా ఇప్పుడే వెయ్యొద్దని చెప్పి, వెళ్ళి ఆయన పక్కన బల్లమీద కూర్చున్నాను.